మైల కాదు, మంట

ఉచ్చలో మంట. ఈ మాట పైకి అనడానికి నాకిప్పుడు సిగ్గు నేదు. సిగ్గుపడినన్నాల్లూ సావుకి దగ్గరయినాను గాని ఇంకేటీ ఒరగనేదు. అందుకే మొదటి మాటే అదే రాసీసినాను. సదవడానికి మీకు రోతయితే పక్కకి పోండి. నేదంటే కూకోండి, సెప్తాను.

నా పేరు పోలమ్మ. మాది కలింగపట్నం, సముద్రం ఒడ్డునే మా పేట. బల్లో అయిదు దాకా సదివినాను, రాయడం వచ్చు, మాటాడినట్టే రాస్తాను. మా ఇంటాయన పేరు గురువులు. మొగుడి పేరు పలికితే ఆడి ఆయుస్సు తగ్గిపోతాదంతారు. పలికీసినాను, ఆడు గుండ్రాయిలాగ ఉన్నాడు. మా ఇంట్లో మా అత్త దానమ్మ, మా బావగోరు ఎర్రయ్య, ఆయన పెల్లాం నూకాలు, అంటే నా తోటికోడలు. అన్నదమ్ములిద్దరికీ కలిపి ఒక్కటే తెప్ప. ఆ తెప్ప ఎల్తేనే ఇంట్లో పొయ్యి ఎలుగుతాది.

మగోలు సముద్రం మీదికి ఎల్తే ఆడోలం ఒడ్డున సేపలు ఎండబెడతాం. నెత్తల్లు, కవల్లు, సావడాయిలు. ఉప్పులో ఊరేసి, ఇసక మీద పరిసి, పొద్దస్తమానం కాకుల్ని, కుక్కల్ని తోలుకుంటా కూకోవాల. కొంచిం లెగిస్తే సాలు, కాకి ఎత్తుకుపోతాది. సుట్టూ ఏమో బట్టబయలు. ఆ పక్కనే మగోలు వలలు బాగుసేసుకుంటా కూకుంటారు. అందుకని మా పేటలో ఆడది ఒంటికి ఎల్లాలంటే తెల్లారకముందు సరుగుడు తోటలోకి పోవాల, నేదంటే పొద్దుగూకినాక పోవాల. మద్దెన పోడానికి నేదు. పగటేల ఆడది తోట ఏపు నడిస్తే మగోలు దగ్గుతారు. ఆ దగ్గు వింటే సాలు, నరాలు సచ్చిపోతాయి.

దానికి మా ఆడోలు కనిపెట్టిన మందు ఏటంటే, నీల్లు తాగకపోడం. దాహం ఏస్తే సుట్ట కాల్సుకోడం. మాయి అడ్డపొగలు, నిప్పున్న ఏపు నోట్లో ఎట్టుకుని కాలుస్తాం. నోరెండిపోతాది గాని దాహం తెలవదు. మా అత్త అయితే సద్దికూడు తిన్నాక మల్లీ సీకటడీదాకా సుక్క ముట్టదు. "పోలీ, మంచి కోడలంటే ఎవులే? పొద్దున్న కూకుంటే పొద్దుగూకీదాకా లెగనిది" అనీది. పెల్లయి వచ్చిన కొత్తలో నాను పంతం పట్టి ఆ పేరు తెచ్చుకున్నాను. "దానమ్మ కోడలు కదలదమ్మా, రాయి" అని పేటంతా మెచ్చుకున్నాది. ఏం మెచ్చుకోలో, కాల్చనా!

*

పెద్ద ఓట్లయిన మరసటేడు, పుస్యమాసం. సలికాలం ఎల్తా ఎల్తా ఉన్నాది. ఒకనాడు తెల్లారగట్ల తోటలో కూకుంటే నిప్పుకనిక మీద కూకున్నట్టు అయిపోనాది. వచ్చింది నాలుగు సుక్కలు. లెగిసి నాలుగడుగులు ఎయ్యగానే మల్లీ వచ్చినట్టు ఉన్నాది. కూకుంటే ఏటీ నేదు, మంట తప్ప. పొత్తికడుపులో ఎవులో పట్టుకుని పిండుతున్నట్టు ఉన్నాది.

ఆ పగలంతా కాకుల్ని తోలుతా పల్లు కొరుక్కుని కూకున్నాను. కల్లల్లోంచి నీల్లు వస్తన్నాయి. అడిగితే ఉప్పు పడినాదని సెప్పినాను.

మా అత్తకి సెప్తే, "ఏడి సేసినాదే" అన్నాది. బొడ్లో ఆముదం ఏసినాది, మాడున రాసినాది, సోడంబల్లో మజ్జిగ పోసి పట్టినాది. రాత్తిరి అరికాల్లకి కూడా ఆముదం రాసినాది. మా అత్త సెడ్డది కాదు, ఇది ముందే సెప్పీయాల. తెలిసిందంతా సేసినాది. నాలుగు రోజులు తగ్గినట్టే తగ్గి మల్లీ మొదలయినాది. మంట పోలేదు, ఇంకా లోపలికి ఎల్లిపోనాది. అత్త మల్లీ అంబలి ఇచ్చినాది, నాను మల్లీ పగలంతా సుట్టతో కూకున్నాను. ఒక సేత్తో మందు, ఒక సేత్తో రోగం. అప్పుడు ఎవులికి తెలుసు?

*

మాగమాసం వచ్చినాది. కవల్లు ఒడ్డుకి వచ్చీసినాయి. ఏడాది మొత్తానికి తినీది ఆ నెలలోనే సంపాదించుకోవాల. అప్పుడే నా సీరకి నెత్తురు అయినాది.

బయటున్న రోజులు నాకు అంతకుముందే అయిపోనాయి. తలకి పోసుకుని ఇంట్లోకి వచ్చీసినాను. మల్లీ సీర మీద మరక సూసి మా అత్త గుండెలు బాదుకున్నాది. "ఓలమ్మోలమ్మ! ఆగనేదే! ఇంట్లో వల ఉన్నాది, బయట తెప్ప ఉన్నాది, ఏటి తాకినావే?"

"అత్తా, ఇది ఆ నెత్తురు కాదు. ఉచ్చలో వస్తన్నాది" అన్నాను.

"ఏ తోవన వస్తే ఏటే! నెత్తురు నెత్తురే. పద, పాకలోకి పద."

మా పేటలో ఆడది బయటున్నప్పుడు వల తాకకూడదు, తెప్ప నీడ తొక్కకూడదు, నీల్ల కుండ ముట్టకూడదు. ఇంటెనకాల తాటాకు పాకలో కూకోవాల. అది అందరికీ ఉన్నదే, నాలుగు రోజులు పడుకోడానికి దొరికినాదని సంబరపడతాం కూడాను. గాని ఆ ఇంటి ఆడదాని మైల ఆగకపోతే మాత్రం తెప్ప సముద్రం ఎక్కకూడదు. ఎక్కితే గంగమ్మ ఊరుకోదంతారు. మా కులపెద్ద వచ్చి ఆ మాటే సెప్పి ఎల్లిపోనాడు. అందరి తెప్పలూ కవల్లతో నిండి వస్తన్నాయి. మా తెప్ప ఒక్కటీ ఇసక మీద బోర్లా పడున్నాది. ఇంట్లో ఎవులి మొకం సూసినా నా ఏపు కత్తిలాగ ఉన్నాది.

పాకలో నాకు కుండ నేదు కదా. దాహం ఏస్తే కేక ఎయ్యాల. ఎవులైనా ఖాలీ ఉంటే వచ్చి, దూరం నుంచి దోసిట్లో పోస్తారు. సగం మోచేతుల మీంచి కారిపోతాది. మాటిమాటికీ ఎవుల్ని పిలుస్తాం? అడగడం మానీసినాను. లోపల కాలుతున్నదానికి నీల్లే మందని అప్పుడు నాకూ తెలవదు, పోసీ వోలకీ తెలవదు. నన్ను సంపడానికి ఎవులూ అనుకోనేదు. గాని ఆ పద్దతి అలగ నడిచినాది.

తరవాత సలిజొరం పట్టుకున్నాది. దుప్పట్లు ఎన్ని కప్పినా పల్లు టకటకా కొట్టుకునీవి. ఎనకాల, నడుంకి పైన, పక్కటెముకల కింద పిడిబాకు దించినట్టు నొప్పి. తాగిన గుక్కెడు నీల్లూ కక్కీసినాను. మంత్రమేసీ ఎజ్జోడు వచ్చి గుమ్మంలోంచే సూసి, "గాలి సోకినాది, కోడిని కొయ్యండి" అన్నాడు. కోసినారు. ఆలే తిన్నారు.

మా ఆయన పాకకి ఆమడ దూరంలో నిలబడి, "ఎలగున్నాది?" అని అడిగీవోడు. మంచోడే, నోట్లో మాట ఉండదు. అన్న ఎంతంటే అంత.

"ఎలగుంటాది? సస్తన్నాను. నువ్వు అక్కడే నిలబడు, నా నీడ మీద పడిపోగలదు" అని తిట్టినాను. తల దించుకుని ఎల్లిపోనాడు. నాకు ఆడి మీద అంత కోపం మరెప్పుడూ రానేదు, అంత జాలి కూడా రానేదు.

నూకాలు ఒక్కర్తే దగ్గరికి వచ్చీది. కొబ్బరి సిప్పతో నీల్లు సీర కొంగు కింద దాసుకుని తెచ్చీది. తెచ్చి నా తల ఒల్లో ఎట్టుకుని తాగించీది. "నన్ను ముట్టుకున్నావు, నీకూ మైల" అంటే, "అయితే అవనీ, నాకూ ఈ పాకలో పడుకోవాలనే ఉన్నాది, ఇంట్లో సాకిరీ సేయలేక సస్తన్నాను" అని నవ్వీది. అది నవ్వుతుంటే నాను ఏడిసీదాన్ని.

*

ఒకనాడు ఎండెక్కినాక మా వాకిట్లో మాటలు వినిపించినాయి. కులపెద్ద వచ్చినాడు, ఇంకో నలుగురు పెద్దోలు వచ్చినారు. మా బావగోరు అంతన్నాడు, "ఇంక సూడలేం. కవల్లు ఎల్లిపోతన్నాయి. దాన్ని పుట్టింటికి తోలీద్దుం. సావో బతుకో అక్కడే."

మా ఆయన మాట ఎంతకీ వినపడనేదు. వింటా పడుకున్నాను. నేదు, ఒక్క మాట కూడా నేదు.

అప్పుడు నాకు ఒల్లు మండినాది సూడండి! అంతకుముందు మంట దాని ముందు ఎంత! పుట్టింట్లో మాయమ్మ ఒక్కర్తే ఉన్నాది, ముసల్ది. అక్కడా ఇదే పాక, ఇదే దోసిలి. తోలీసినారంటే సావడానికి తోలీసినట్టే. సచ్చినాక ఏటంతారు? మైలతో సచ్చినాది అంతారు. నా ఒంట్లో ఎక్కడినుంచి ఏటొస్తన్నాదో నాకు తెలుసు. నా మాట ఒక్కరు విననేదు. వినకపోతే సూపించాల మరి.

ఆ పొద్దున్న నూకాలు ఇచ్చిన ఉతికిన ముట్టుగుడ్డ సీర లోపల కట్టుకుని ఉన్నాను. పాక మూల మట్టి ముంత ఒకటి ఉన్నాది. పట్టపగలు, అవతల మగోలు మాటాడతుండగా, పాక గోడ ఎనకాల ముంత ఎట్టుకుని కూకున్నాను. మంటకి గోడ తాటాకులు పీకీసినాను. అయినా వదల్లేదు. లెగిసి, గుడ్డ విప్పి ఒక సేత్తో, ముంత ఇంకో సేత్తో అట్టుకుని, వాకిట్లోకి నడిసినాను.

అందరూ ఒక్కపాలి మొకాలు తిప్పీసుకున్నారు. కులపెద్ద తువ్వాలు ముక్కుకి అడ్డం ఎట్టుకున్నాడు. మా బావగోరు లెగిసి, "ఒసే, సిగ్గు నేదా నీకు!" అని అరిసినాడు.

"నేదు బావగోరూ. సిగ్గు దాసుకుని సస్తే ఎవులికి ఉపయోగం?" అన్నాను. అని మా అత్త దగ్గరికి ఎల్లి గుడ్డ ఆవిడి సేతిలో ఎట్టినాను. "అత్తా, పొద్దున్న కట్టుకున్న గుడ్డ. తెల్లగా ఉన్నాదా నేదా? సూడు. ముట్టయితే ఇది తెల్లగా ఉంటాదా? ఇప్పుడు ముంతలోది సూడు. ఇది ఇప్పుడు నాను పోసిన ఉచ్చ. ఎర్రగా, సింతపండు పులుసులాగ ఉన్నాది. సూడు. నువ్వు సూడకపోతే ఇంక సూసీవోలు ఎవులూ నేరు నాకు."

మా అత్త గుడ్డ అటూ ఇటూ తిప్పినాది. ముంతలోకి వంగి సూసినాది. నోట్లో సుట్ట తీసీసి ఒకపక్క ఎట్టినాది. ఎంతసేపు సూసినాదో. నా కాల్లు నిలబడనేదు, అక్కడే కూలబడిపోనాను.

"ఇది ముట్టు కాదురా" అన్నాది మా అత్త, నెమ్మదిగా. "అయిదుగురిని కన్నాను, నాకు తెలవదా? ఇది రోగం. గురువులూ, బస్సెక్కించరా దీన్ని. సీకాకులం ఆస్పత్రికి తీసికెల్లు."

కులపెద్ద తువ్వాలు తీసి, "ముట్టయినా కాకపోయినా నెత్తురు నెత్తురే. సుద్ది అయ్యీదాకా తెప్ప కదలకూడదు" అన్నాడు. మా అత్త నన్ను లెగదీసి, తన సేత్తో, కుండలోంచి సెంబుతో నీల్లు ముంచి తాగించినాది.

*

బస్సులో సీకాకులం ఎంతో దూరం నేదు. గాని నాలాంటిదానికి అది కాశీ అంత దూరం. కుదుపుకొకసారి వచ్చీసినట్టు అవుతాది. పల్లు బిగించి కూకున్నాను. మా ఆయన నా మొకం సూస్తన్నాడు, సూస్తన్నాడు, ఉన్నట్టుండి లెగిసి నిలబడి, "ఆపండి! మా ఆడది ఒంటికి ఎల్లాల!" అని గట్టిగా అరిసినాడు.

బస్సంతా గొల్లుమన్నాది. డైవరు తిట్టుకుంటా ఆపినాడు. రోడ్డు పక్క సెట్టూ నేదు, గట్టూ నేదు. ఎక్కడ కూకోను? ఎనక సీటులోంచి ఒక ముసలామె, ఏ ఊరో తెలవదు, కూరగాయల తట్ట దింపీసి నా ఎనకే దిగిపోనాది. "కూకో తల్లీ, నాకూ ఇదే యాతన, ఎవులితో సెప్పుకుంటాం" అని కొంగు సాపి అడ్డం నిలబడినాది. ఆవిడి పేరు అడగనేదు. ఇప్పటికీ దండం ఎట్టుకుంటన్నాను.

మల్లీ ఎక్కినాక మా ఆయనికి సెవులు ఎర్రబడిపోనాయి. పెల్లయినాక ఆడు నా గురించి నలుగురిలో మాటాడినాది అదే మొదలు. నాకు నొప్పిలో కూడా నవ్వు వచ్చినాది.

ఆస్పత్రిలో ఆడోల ఏపు బల్లలన్నీ నిండిపోనాయి. గోడకి ఆనుకుని నేల మీద కూకున్నాం. నా పక్కన పిల్లని ఎత్తుకున్న ఒకామె, అటుపక్క కడుపుతో ఒకామె. ఎవులూ ఎవులికీ జబ్బేటో సెప్పుకోరు. "జొరం" అంతారు, అంతే. నన్ను అడిగితే, "ఉచ్చలో మంట, నెత్తురు" అన్నాను, గట్టిగానే. పిల్లామె మొకం అటు తిప్పీసుకున్నాది. కొంచింసేపు అయినాక నా సెవిలో, "నాకూ పోయినేడు వచ్చినాదమ్మా, ఎవులికీ సెప్పనేదు" అన్నాది. కడుపుతో ఉన్నామె, "నాకు ఇప్పుడే ఉన్నాది" అన్నాది. అదిగో! అందరి దగ్గరా ఉన్నాది, ఎవులి దగ్గరా నేదు. "కడుపుతో ఉన్నావు, నువ్వు ముందు ఎల్లు, లోపల సెప్పు" అని ఆవిణ్ని నాకంటే ముందర తోసినాను.

డాకటరమ్మ సన్నగా, కోపిస్టిగా ఉన్నాది. సీసాలో పోయించుకుని బూతద్దం కింద ఎట్టి సూసినాది. నా నడుం ఎనక సెయ్యేసి తట్టగానే కేకేసినాను.

"రోజుకి ఎన్నిసార్లు వెళ్తావు?" అని అడిగినాది.

"ఇప్పుడయితే ఎప్పుడూ ఎల్లినట్టే ఉంటాదమ్మా."

"ఇప్పుడు కాదు, మామూలప్పుడు."

"తెల్లారకముందు ఒకపాలి, సీకటి పడ్డాక ఒకపాలి."

"మధ్యలో?"

"మద్దెన ఎల్లం అమ్మా. పగలు కదా."

"నీళ్లు ఎన్ని తాగుతావు?"

"తాగితే ఎల్లాల కదమ్మా. తాగం."

ఆవిడ రాస్తున్నదల్లా ఆపి నా ఏపు సూసినాది. "రోజంతా ఉగ్గబట్టుకుని, నీళ్లు లేకుండా, ఎండలో కూర్చుంటారా? మీ ఊళ్లో ఆడవాళ్లంతానా?"

"అంతా. అలగ కూకున్నదాన్నే మంచి కోడలంతారు" అన్నాను.

"మంచి కోడలు!" అన్నాది, ఎవుల్ని తిడతన్నాదో తెలవనేదు. ఆ తరవాత సెప్పింది నాకు అర్థమయినట్టు నాను సెప్తాను. కంటికి కనపడని పురుగులు బయటినుంచి ఆ తోవన లోపలికి ఎక్కుతాయంట. మనం నీల్లు తాగి, ఎప్పటికప్పుడు ఎల్తే ఆటిని కడిగీసినట్టు అవుతాది. ఉగ్గబట్టుకుంటే అక్కడే కూకుని పిల్లల్ని ఎడతాయి. సేపల గోలెం కడక్కుండా వదిలీస్తే ఏటవుద్దో మనకి తెలీదా! ఆడోలకి ఆ తోవ పొట్టిగా ఉంటాది కాబట్టి మనకే ఎక్కువ వస్తాదంట. నావి పైకి పాకి మూత్రపిండాల దాకా ఎల్లిపోనాయి. అందుకే ఆ సలిజొరం, ఆ నడుం పోటు. ఇంకా ఆలిస్యం అయితే మనిసి దక్కదు అన్నాది.

మా ఆయన అంతసేపూ గుమ్మం కాడ నిలబడి ఉన్నాడు. అప్పుడు లోపలికి వచ్చి, "అమ్మా, ఇది మైలా?" అని అడిగినాడు. ఆడికి అదే బాద.

"ఇది జబ్బయ్యా. మగవాళ్లకీ వస్తుంది" అన్నాది డాకటరమ్మ.

మా ఆయన నోరు తెరిసీసినాడు. నాకయితే జొరంలో కూడా మా బావగోరు ఆ పాకలో మోకాల్లు ముడుసుకుని కూకున్నట్టు, నూకాలు దూరం నుంచి దోసిట్లో నీల్లు పోస్తున్నట్టు కనిపించినాది. పకపకా నవ్వీసినాను. డాకటరమ్మ జొరం ఎక్కువయిపోనాదని సూది పొడిసీసినాది.

అక్కడే మంచం ఇచ్చినారు. సూదిమందులు, మాత్రలు, గలాసుల కొద్దీ నీల్లు. బయం అయితే ఏసినాది, ఏయలేదని అబద్దం ఆడను. పక్క మంచం ఆమెని ఒక తెల్లారి బయటికి మోసుకుపోనారు. ఆ పూట కూడు ముట్టనేదు. నాను సస్తే ఏటవుద్ది అని గోడ సూసుకుంటా పడుకున్నాను. మా ఆయన ఆస్పత్రి వరండాలో పడుకుని, గంటకొకపాలి వచ్చి, "తాగినావా? ఎల్లినావా?" అని అడిగీవోడు. పెల్లాంని మొగుడు అడగవలసిన మాటలు ఆ రెండే అని నాకు అప్పుడు తెలిసినాది. జొరం దిగినాది. ఎరుపు తగ్గి, పసుపయి, ఆకరికి నీల్లలాగ వచ్చినాది. అది సూసి సంబరపడినట్టు నా పెల్లినాడు కూడా పడనేదు.

*

పాల్గునంలో ఇంటికి వచ్చినాను. ఒల్లు సగమయిపోనాది గాని నోరు రెండింతలయినాది. ఇది మా అత్త మాట.

మాత్రలు ఇంకా ఉన్నాయి. రెండ్రోజులు సూసి మా అత్త, "తగ్గిపోనాది కదే, ఇంకెందుకు మింగడం? ఏడి మందులు అయి" అన్నాది. ముందే సెప్పీసినాది డాకటరమ్మ, తగ్గినాదని మద్దెలో మానీస్తే ఆ పురుగులు మల్లీ లెగిసి మరింత గట్టిగా పట్టుకుంటాయని. "అయిపోయీదాకా మింగుతాను అత్తా. నీ ఆముదం నువ్వు ఏస్తే కాదన్నానా?" అన్నాను. గొణుక్కుంటానే నీల్లు ఇచ్చినాది.

నీల్లు మాత్రం ఇంక అడిగి తాగడం నేదు. సేపల కాడికి ఎల్లేటప్పుడు ముంత నింపుకుని ఎల్లినాను. తాగినాను. వచ్చినాది. లెగిసినాను. మగోలు దగ్గినారు. "దగ్గు ఎక్కువయితే మీరూ ఆస్పత్రికి ఎల్లండి, డాకటరమ్మ మంచిది" అన్నాను. దగ్గడం ఆగినాది. గాని తోట దూరం, కాకులు దగ్గిర. అందుకని మా ఆయన సేత సేపలు ఎండబెట్టీ సోటు పక్కనే తాటాకు తడికలు కట్టించినాను. మా ఆయన గుంజలు పాతుతుంటే కులపెద్ద వచ్చి, "ఒడ్డున ఇదేటిరా, గంగమ్మ సూస్తాది" అన్నాడు. "గంగమ్మ ఆడదే కదా మావా" అన్నాడు మా ఆయన, సుత్తి ఆపకుండా. ఆడు అంత మాట అంటాడని నాను కలలో కూడా అనుకోనేదు.

మొదట నాను ఒక్కర్తినే ఎల్లీదాన్ని. తరవాత నూకాలు. తరవాత ఆడపిల్లలు. మా అత్త మాత్రం రానేదు. "నాకు అలవాటయిపోనాది" అనీది.

ఇది సదివే అప్పలకీ సెల్లెల్లకీ సెప్తన్నాను. దాహం ఏసినా ఏయకపోయినా నీల్లు తాగండి. వస్తే ఉగ్గబట్టకండి, ఎవులు దగ్గినా సరే. మొగుడి కాడ పడుకుని లెగిసినాక ఎల్లి కూకోండి. కడుక్కునీటప్పుడు ముందునుంచి ఎనక్కి కడుక్కోండి, ఎనకది ముందుకి తేకండి. గుడ్డలు ఉతికి ఎండలో ఆరేయండి, సాటుగా సీకట్లో కాదు. మంటకి అంబలి తాగండి, తప్పు నేదు. గాని సలిజొరం వచ్చినా, నడుం ఎనక పోటు వచ్చినా, ఎరుపు కనిపించినా, కడుపుతో ఉన్నా, అంబలితో ఊరుకోకండి, ఆస్పత్రికి ఎల్లండి. ఇదేటీ పాపం కాదు. మీరేటీ సెయ్యలేదు.

*

ఇంక తెప్ప సంగతి. నాను ఇంటికి వచ్చినా తెప్ప కదలనేదు. సుద్ది సేయించాల, పేటందరికీ కూడు ఎట్టాల, నాను గంగమ్మ ముందు తప్పయిపోనాదని మొక్కాల, అప్పుడే కదలాలని కులపెద్ద సెప్పినాడు.

"ఏటి తప్పు?" అని అడిగినాను. "జొరం వచ్చినందుకా? గంగమ్మకి రోజూ మొక్కుతాను. తప్పయిపోనాదని మాత్రం మొక్కను."

"సరే. సుద్ది నేకుండా ఎల్లనీ. సముద్రం మీద ఏటయినా అయితే అది నీ మెడకే" అన్నాడు.

ఇంట్లో అంబలికి సోల్లు కూడా అయిపోనాయి. మా బావగోరు తిట్టుకుంటానే వల బుజాన ఏసుకున్నాడు. మా ఆయన నా ఏపు సూసినాడు. "ఎల్లు" అన్నాను. ఎల్లీసినారు.

దైర్యంగా అనీసినాను గాని, తెప్ప అలలు దాటి సిన్నగయిపోతుంటే నా గుండె ఆగిపోనాది. మజ్జానం గాలి లెగిసినాది. పేటంతా నన్నే సూస్తన్నాది. ఆడు రాకపోతే? నాను సెప్పింది నిజిమే, డాకటరమ్మ సెప్పింది నిజిమే, అయినా ఆడు రాకపోతే ఆ నిజిం నాకు ఏటి సేసుకోడానికి? ఒడ్డున నిలబడి, గంగమ్మా, నా మీద కోపం ఉంటే నాతో తేల్చుకో, ఆడి జోలికి ఎల్లకు అనుకున్నాను. కూకోమన్నా కూకోనేదు.

పొద్దు వాలీసరికి తెప్పలు ఒకటొకటే రాడం మొదలయినాయి. మాది ఆకరున వచ్చినాది. ఇద్దరూ ఉన్నారు. నాను నీల్లల్లోకి పరిగెట్టి మా ఆయన సెయ్యి పట్టుకున్నాను. నలుగురిలో పట్టుకోకూడదు. పట్టుకున్నాను.

వలలో మాత్రం ఏటీ నేదు. ఉత్త వల. మా బావగోరు దాన్ని నా కాల్ల కాడ ఇసక మీద కొట్టి, "సూసినారా! నాను సెప్పనేదా! మైల తెప్పకి గంగమ్మ ఏటి ఇస్తాది?" అని అరిసినాడు. జనం మూగినారు. కులపెద్ద తల ఊపుకుంటా వచ్చినాడు. మా ఆయన బతికి వచ్చినాడు, ఇంక వలలో ఏటున్నా నేకపోయినా నాకు ఒకటే. అయినా అందరూ నా ఏపే సూస్తన్నారు.

అప్పుడు మా అత్త జనాన్ని తోసుకుంటా వచ్చినాది. తడిక ఎనకాలనుంచి వస్తన్నాది, సీర కుచ్చిల్లు సర్దుకుంటా. అందరి ముందూ, పొద్దు గూకకముందే. తిన్నగా కులపెద్ద తెప్ప కాడికి ఎల్లి లోపలికి వంగి సూసినాది. పక్క తెప్పలోకి సూసినాది. ఆ పక్క దాన్లోకి సూసినాది.

"ఒరే, నీ వలలో ఏటి పడినాదిరా?" అని కులపెద్దని అడిగినాది.

ఆడు తువ్వాలు తీసి వల మీద కప్పబోయినాడు.

"నీదీ ఉత్తదే. ఈడిదీ ఉత్తదే. ఆడిదీ ఉత్తదే. ఈ పూట గాలికి సేపలు లోపలికి ఎల్లిపోనాయి, ఎర్రోడికైనా తెలుస్తాది. మరి మీ ఇల్లల్లో ఎవులికిరా మైల? పిలండి మీ పెల్లాలని. నా కోడలికి పాకలో సోటిచ్చినట్టే అందరికీ సోటిస్తాం."

నూకాలు కిసుక్కుమన్నాది. దానెనకాల కులపెద్ద పెల్లాం నవ్వినాది, కొంగు నోటికి అడ్డం ఎట్టుకుని. ఆ పైన ఆడోలంతా నవ్వినారు. మగోలు వలలు సుట్టుకుని ఇల్లకి ఎల్లిపోనారు.

మర్నాడు తెప్పలన్నీ ఎల్లినాయి. ఎవులూ ఏ ఆడదాన్నీ ఏటీ అడగనేదు.